స్వర్ణపతకం కన్నడానికి, తెచ్చినవాడు నెల్లూరు మనిషి

1970 సంవత్సరానికి దేశంలోకెల్లా ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణపతకం పొందిన చిత్రం 'సంస్కార'. కన్నడ చిత్రానికి ఆ గౌరవం దక్కడం అదే మొదటిసారి. కథ రాసిన యు.ఆర్.అనంతమూర్తి కన్నడిగుడు. దానిని స్క్రీన్‌ప్లేగా మలిచి, ప్రధానపాత్ర ధరించిన గిరీష్ కర్నాడ్ కన్నడ నాటక రచయిత. కెమెరా పట్టిన టామ్ కోవన్ ఆస్ట్రేలియా దేశస్థుడు. వీరందరినీ ఒకచోట చేర్చి, చిత్రాన్ని తానే నిర్మించి, దర్శకత్వం వహించినవాడు మాత్రం మన నెల్లూరు మనిషి. పేరు తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి.

తెలుగు చిత్రానికి అదే బహుమతి రావడానికి 2015 సంవత్సరపు 'బాహుబలి' దాకా ఆగవలసి వచ్చింది. అంటే తెలుగువాడు ఒకడు పక్క రాష్ట్రానికి తెచ్చిపెట్టిన పతకం, తెలుగు నేలకు చేరడానికి మరో నలభై అయిదేళ్లు పట్టిందన్నమాట. ఈ సంగతి బెంగుళూరులో తెలిసినంతగా నెల్లూరులో తెలియదు. తిక్కవరపువారంటే మన పల్లెల్లో చాలామందికి ముందు గుర్తొచ్చేది జగదేవిపేట రమణారెడ్డి. ఆయన హాస్యం అటువంటిది మరి. పట్టాభిరామిరెడ్డి పేరు చెబితే మాత్రం 'ఎవరాయన?' అని అడిగేవారే ఎక్కువ.

సాహిత్యం చదువుకున్నవారికి ఆయన 'పఠాభి'గా తెలుసు. ఆ పేరుతో 1939లో 'ఫిడేలు రాగాల డజన్' అనే కవితల పుస్తకం వేశారు. అప్పటికి ఆయనకు ఇరవై ఏళ్లు. ముందుమాట శ్రీశ్రీ రాశారు. శ్రీశ్రీ 'మహాప్రస్థానం' పుస్తకరూపంలో వచ్చింది 1950లో అని గుర్తుంచుకుంటే, ఈ కుర్రవాడు ఎంత ముందు వచ్చాడో తెలుస్తుంది. తిక్కన భారతం రాసిన ఊరిలో పుట్టి, ఛందస్సుకు నమస్కారం పెట్టకుండా, ఇంగ్లీషు మాటలు యథేచ్ఛగా దొర్లిస్తూ, పట్నం వీధుల మీద వచన పద్యాలు రాస్తే పెద్దలు ఊరుకుంటారా? చీవాట్లు బాగానే పడ్డాయి. పుస్తకం మాత్రం నిలిచింది. ఆధునిక తెలుగు కవిత్వం గురించి రాసేవారెవరూ దానిని దాటి పోలేరు.

కలిగిన కుటుంబం కావడంతో చదువుకు లోటు లేదు. శాంతినికేతనంలో, కలకత్తాలో చదివి, ఆపైన అమెరికాలోని కొలంబియా విశ్వవిద్యాలయంలో గణితం చదవడానికి వెళ్లారు. గణితానికి, కవిత్వానికి, సినిమాకు పొత్తేమిటని అడగవచ్చు. పఠాభి జీవితంలో ఇటువంటివి చాలా ఉన్నాయి. ఒకచోట పాతుకుపోయే మనిషి కాదాయన.

మొదట మామూలు సినిమాలే

సినిమాల్లోకి ఆయన దర్శకుడిగా రాలేదు, నిర్మాతగా వచ్చారు. 'మాయాబజార్' తీసిన కె.వి.రెడ్డితో కలిసి మద్రాసులో జయంతి పిక్చర్స్ పేరిట చిత్రాలు తీశారు. 1958లో 'పెళ్లినాటి ప్రమాణాలు' వచ్చింది. అక్కినేని, జమున నటించిన ఆ చిత్రం పాతతరం వారికి గుర్తుండే ఉంటుంది. 1963లో 'శ్రీకృష్ణార్జున యుద్ధము'. అందులో ఎన్.టి.రామారావు కృష్ణుడు, నాగేశ్వరరావు అర్జునుడు. టూరింగ్ టాకీసుల్లో జనం నేల మీద కూర్చుని చూసిన సినిమా అది. 1968లో 'భాగ్యచక్రము'. ఈ మూడింటికీ మాటలు పింగళి నాగేంద్రరావువే.

పేరున్న దర్శకుడు, పెద్ద తారలు, పింగళి కలం, వాహినివారి స్టూడియో తరహా పని. ఇంకెవరైనా అయితే ఆ దారినే సాగిపోయి, నాలుగు తోటలు, రెండు మేడలు సంపాదించుకునేవారు. పఠాభికి ఆ దారిలో తృప్తి కలిగినట్లు లేదు. ఎన్ని చిత్రాలు తీసినా, నిర్మాతగా డబ్బు పెట్టడం వేరు, తాను చెప్పదలచుకున్నది తెర మీద చెప్పడం వేరు. అప్పటికే ఆయనా, భార్య శ్రీమతి స్నేహలతా సోషలిస్టు నాయకుడు డాక్టర్ రామమనోహర్ లోహియా అభిమానులు. కులం పోనిదే ఈ దేశం బాగుపడదని లోహియా చెబుతూ ఉండేవారు. శ్రీమతి స్నేహలత మద్రాసులో 'మద్రాస్ ప్లేయర్స్' అనే ఇంగ్లీషు నాటక సమాజాన్ని నెలకొల్పినవారిలో ఒకరు. మంచి నటి. అప్పట్లో మద్రాసులో ఒక ప్రచురణ సంస్థలో ఉద్యోగం చేస్తున్న కర్నాడ్ ఆ సమాజంలో నటిస్తూ ఉండేవారు. ఆ పరిచయమే 'సంస్కార'కు పునాది అయింది.

శవం లేవని అగ్రహారం

అనంతమూర్తి ఈ నవలను ఇంగ్లాండులో చదువుకుంటున్న రోజుల్లో రాశారు. స్వీడన్ దర్శకుడు బెర్గ్‌మాన్ తీసిన ప్లేగు కాలపు సినిమా ఒకటి చూసి, ఆ కదలికలో సొంత ఊరి అగ్రహారం గుర్తొచ్చి కలం పట్టారు. 1965లో అచ్చయింది. కథ మన పల్లెటూరి వారికి చెబితే ఇట్టే అర్థమవుతుంది, ఎందుకంటే ఊళ్లో శవం ఉన్నంతసేపూ పొయ్యి రాజెయ్యకూడదన్న నియమం మనకు కొత్త కాదు.

మల్నాడులో దుర్వాసపురమనే అగ్రహారం. అందులో నారణప్ప అనే బ్రాహ్మణుడు ఆచారాలన్నీ గాలికి వదిలేశాడు. తాగుతాడు, మాంసం తింటాడు, ముస్లిం స్నేహితులతో కలిసి గుడి కోనేటిలో చేపలు పడతాడు, చంద్రి అనే తక్కువ కులపు స్త్రీని ఇంట్లో పెట్టుకున్నాడు. వెలివేద్దామంటే, వేస్తే ముసల్మానులో కలిసిపోయి ఇక్కడే ఉంటానని బెదిరించాడు. అందరూ నోరు మూసుకున్నారు. ఒకరోజు అతడు శివమొగ్గ నుంచి జ్వరంతో వచ్చి చనిపోయాడు.

ఇప్పుడు శవానికి నిప్పు పెట్టేదెవరు? వెలి వెయ్యలేదు కనుక అతడు బ్రాహ్మణుడే. వేరే కులంవారు ముట్టరాదు. బ్రాహ్మణులు ముడితే తమ బ్రాహ్మణ్యం పోతుందని భయం. దహనం అయ్యేదాకా ఎవరింట్లోనూ అన్నం ఉడకదు. చంద్రి తన ఒంటి మీది బంగారమంతా తీసి, ఖర్చులకు వాడండని ముందు పెడుతుంది. బంగారం చూడగానే ఇంతసేపూ వద్దన్నవారే మేము చేస్తామంటే మేము చేస్తామని పోటీ పడతారు. ఈ ఘట్టం దగ్గర నవ్వు వస్తుంది, ఆ వెంటనే సిగ్గూ వేస్తుంది.

కాశీలో చదివిన ప్రాణేశాచార్యుడే ధర్మం చెప్పాలి. ఆయన గ్రంథాలన్నీ తిరగేస్తాడు, సమాధానం లేదు. మారుతి గుడిలో దేవుణ్ణి అడుగుతాడు, దేవుడూ పలకడు. రోగిష్టి భార్యకు సేవ చేయడమే తపస్సుగా బతికిన ఆ మనిషి, చీకట్లో గుడి నుంచి తిరిగివస్తూ దారిలో చంద్రికి దగ్గరవుతాడు. ఆ రాత్రే చంద్రి ఒక ముస్లిం సహాయంతో శవాన్ని గుట్టుచప్పుడు కాకుండా దహనం చేయించి వెళ్లిపోతుంది. ఈ సంగతి తెలియని అగ్రహారం ఇంకా తర్జనభర్జనలు పడుతూనే ఉంటుంది. ఈలోగా ఎలుకలు చచ్చిపడుతుంటాయి, ఇళ్ల కప్పుల మీద రాబందులు వాలుతుంటాయి. ప్లేగు వచ్చింది. ఆచార్యుడి భార్య కూడా పోతుంది. అందరికీ ధర్మం చెప్పిన ఆచార్యుడు, తన ధర్మమేమిటో తెలియక ఊరు విడిచి నడిచిపోతాడు.

నవలకు ప్రాణం ఈ చిక్కుముడి. శవం ఒక ఇంట్లో ఉంది, కంపు ఊరంతా ఉంది.

ఉదయగిరి చెయ్యి కూడా

సినిమా నిర్మించిన సంస్థకు పఠాభి పెట్టిన పేరు 'రామమనోహర చిత్ర'. లోహియా 1967లో చనిపోయారు, ఆయన మీది గౌరవంతో పెట్టిన పేరది. స్టూడియోలో సెట్టు వేయలేదు. చిక్కమగళూరు జిల్లాలో శృంగేరి దగ్గర వైకుంఠపురమనే ఊరిలోనే చిత్రీకరణ జరిపారు. పెంకుటిళ్లు, రాతి అరుగులు, వక్కతోటలు, అడవి దారి, అన్నీ నిజమైనవే. నలుపు తెలుపు చిత్రం. తారలెవరూ లేరు. ప్రాణేశాచార్యుడు కర్నాడ్. నారణప్ప పాత్రధారి పి.లంకేశ్, కన్నడ రచయిత. తరువాత 'లంకేశ్ పత్రికె' పెట్టి ప్రభుత్వాలను గడగడలాడించిన సంపాదకుడు ఆయనే. చంద్రి పాత్రలో శ్రీమతి స్నేహలత. కళాదర్శకత్వం చిత్రకారుడు ఎస్.జి.వాసుదేవ్, సంగీతం సరోద్ విద్వాంసుడు రాజీవ్ తారానాథ్. డ్యూయెట్లు లేవు, ఫైటింగులు లేవు.

చిత్రీకరణ వ్యవహారాలు నడిపించిన మరొక మనిషిని ఇక్కడ చెప్పుకోవాలి. కె.వి.రెడ్డి దగ్గర పని నేర్చుకున్న సింగీతం శ్రీనివాసరావు. ఆయనది మన ఉదయగిరి. మాటలే లేని 'పుష్పక విమానం' 1987లో తీసి దేశమంతా శభాష్ అనిపించుకున్నాయన. కవులు, నాటకాలవారు, చిత్రకారులు పోగై సినిమా తీస్తుంటే, సినిమా పని క్షుణ్ణంగా తెలిసినవాడు ఒక్కడన్నా పక్కన ఉండాలి కదా. కన్నడ చిత్రసీమ చరిత్రను మలుపు తిప్పిన ఆ చిత్రం వెనుక నెల్లూరు జిల్లా వారు ఇద్దరుండడం మన పాఠకులు గర్వపడవలసిన విషయం.

దర్శకుడిగా పఠాభికి ఇదే మొదటి చిత్రం. అప్పటికి ఆయన వయసు యాభై దాటింది. ఆ వయసులో చాలామంది ఉన్నది కాపాడుకునే ఆలోచనలో ఉంటారు.

చిత్రం పూర్తయ్యాక అసలు తిప్పలు మొదలయ్యాయి. మద్రాసులోని సెన్సారు వారు సర్టిఫికెట్ ఇవ్వం పొమ్మన్నారు. ఒక కులాన్ని కించపరిచేలా ఉందనీ, విడుదలైతే గొడవలు రేగుతాయనీ వారి వాదన. సెన్సారు సర్టిఫికెట్ లేని సినిమా డబ్బాలో పడి ఉన్న రీళ్లతో సమానం, ఒక్క హాలులోనూ ఆడడానికి వీల్లేదు. వ్యవహారం ఢిల్లీ దాకా వెళ్లింది. చివరకు కేంద్ర ప్రభుత్వం అనుమతి ఇచ్చింది. ఏ చిత్రాన్ని ప్రజలు చూడరాదని ఒక కార్యాలయం అన్నదో, అదే చిత్రానికి రాష్ట్రపతి స్వర్ణపతకం వచ్చింది. సర్కారు ఒక చేత్తో మొట్టి, మరో చేత్తో దండ వేసినట్లయింది.

ఆ తరువాత కన్నడంలో గేట్లు తెరిచినట్లయింది. 1971లో కర్నాడ్, బి.వి.కారంత్ కలిసి 'వంశవృక్ష' తీశారు. కారంత్ తీసిన 'చోమన దుడి' 1975కు, గిరీష్ కాసరవల్లి తీసిన 'ఘటశ్రాద్ధ' 1977కు దేశంలో ఉత్తమ చిత్రాలయ్యాయి. ఎనిమిదేళ్లలో మూడుసార్లు కన్నడానికే. తెలుగులో అటువంటి ప్రయత్నాలు ఆలస్యంగా వచ్చాయి. 1977లో మృణాల్ సేన్ కలకత్తా నుంచి వచ్చి 'ఒక ఊరి కథ' తీస్తే, 1980లో గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో 'మా భూమి' విడుదలైంది. అక్కడా దర్శకులు బెంగాలీలే. మన మనిషి కన్నడంలో తీస్తాడు, మనకు బెంగాలీలు తీసిపెడతారు. పఠాభికి తెలుగులో ఇటువంటి చిత్రం తీయాలని లేకపోయిందా, తీస్తే చూసేవారు ఉంటారన్న నమ్మకం లేకపోయిందా అన్నది ఆలోచించవలసిన విషయమే. కథ, రచయిత, నటుడు కన్నడంలో దొరికారు కనుక అక్కడికి పోయారనుకోవడం సబబు.

చంద్రికి జైలు

1975 జూన్ 25న దేశంలో ఎమర్జెన్సీ పెట్టారు. పఠాభి దంపతుల ఇల్లు సోషలిస్టులకు పుట్టిల్లు వంటిది. రైల్వే సమ్మె నాయకుడు జార్జి ఫెర్నాండెజ్ వారికి మిత్రుడు. ఆయన అజ్ఞాతంలోకి పోయి ప్రభుత్వానికి వ్యతిరేకంగా పనిచేస్తుంటే, పోలీసులు ఆయన కోసం దేశమంతా గాలించారు. 1976 మే 1న బెంగుళూరులో జార్జి తమ్ముడు లారెన్స్‌ను పట్టుకుని చిత్రహింసలు పెట్టారు. ఆ మరునాడే, మే 2న శ్రీమతి స్నేహలతను అరెస్టు చేశారు. బరోడా డైనమైటు కేసుతో సంబంధం ఉందన్నది ఆరోపణ.

జూన్ 10న జార్జి కలకత్తాలో దొరికిపోయారు. ఆయన కోసమే ఈమెను పట్టుకున్నారనుకుంటే, అప్పుడైనా వదలాలి. వదలలేదు. చివరకు కోర్టులో పెట్టిన చార్జిషీటులో జార్జితో పాటు మరో ఇరవై నాలుగుమంది పేర్లున్నాయి, ఆమె పేరు లేదు. కేసులో ముద్దాయి కాని మనిషిని మీసా చట్టం కింద బెంగుళూరు సెంట్రల్ జైలులో ఉంచారు. మీసా కింద పట్టుకుంటే విచారణ ఉండదు, బెయిలు ఉండదు, ఎన్నాళ్లో చెప్పే నాథుడుండడు.

ఆమెకు ఉబ్బసం. మన ఇళ్లల్లో ఉబ్బసం మనిషి ఉంటే తెలుస్తుంది, చలికాలం రాత్రుళ్లు ఎలా గడుస్తాయో. గాలి వెలుతురు సరిగాలేని గదిలో ఆ జబ్బు మరీ ముదిరింది. అదే జైలులో ఉన్న సోషలిస్టు నాయకుడు మధు దండావతే, రాత్రి నిశ్శబ్దంలో ఆమె గదిలోంచి కేకలు వినిపించేవని తరువాత రాశారు.

ఇంత బాధలోనూ ఆమె తన గురించి కంటే జైలులోని మామూలు ఆడ ఖైదీల గురించి ఎక్కువ కొట్లాడారు. పొట్టకూటి నేరాలకు వచ్చిన పేద స్త్రీలు వాళ్లు. వాళ్లను వార్డర్లు కొట్టేవారు. దెబ్బలు ఆపించాలని, తిండి బాగుపరచాలని పట్టుబట్టారు, నిరాహారదీక్ష చేశారు. కొట్టడం ఆపించగలిగాననీ, అదొక్కటైనా సాధించాననీ ఆమె రాసుకున్నారు. ఆ రాతలు తరువాత జైలు డైరీగా అచ్చయ్యాయి.

ఎనిమిది నెలలు దాటాక, ఇక బతకదని తేలాక, 1977 జనవరి 15న పెరోలు మీద వదిలారు. జనవరి 18న ప్రధాని ఇందిరాగాంధీ ఎన్నికలు ప్రకటించారు. జనవరి 20న శ్రీమతి స్నేహలత మరణించారు. ఇంటికి వచ్చి అయిదు రోజులు. 1932లో పుట్టిన మనిషి, నలభై అయిదేళ్లు దాటలేదు. మార్చి ఎన్నికల్లో ప్రభుత్వం ఓడిపోయింది, ఎమర్జెన్సీ పోయింది, జనతా ప్రభుత్వం బరోడా కేసును ఎత్తివేసింది. కేసు ఎత్తివేసినంత మాత్రాన పోయిన మనిషి రాదు కదా.

నారణప్ప శవాన్ని అగ్రహారం వదిలేస్తే, తన నగలన్నీ ఇచ్చి దహనం చేయించిన చంద్రిగా ఆమె తెర మీద కనిపిస్తారు. 'సంస్కార' చూసినవారికి ఆ ముఖం గుర్తుండిపోతుంది. మాటలు తక్కువ, చూపే ఎక్కువ.

తరువాత

భార్య పోయాక పఠాభి సినిమా వదిలేయలేదు, అలాగని వరుసగా తీయనూ లేదు. 1977లోనే 'చండమారుత' వచ్చింది. లంకేశ్ నాటకం ఆధారంగా, విప్లవం పేరు చెప్పుకునేవారి సంగతిని చూపిన చిత్రం. 1984లో 'శృంగార మాస'. 1993లో 'దేవర కాడు', అంటే దేవుడి అడవి. మన దగ్గర కొన్ని ఊళ్లలో దేవుడి మాన్యంలోని చెట్టును ఎవరూ కొట్టరు. అటువంటి అడవి మాట అది. 'సంస్కార'కు వచ్చినంత పేరు వీటికి రాలేదు. దర్శకుడిగా ఇరవై మూడేళ్లలో నాలుగు చిత్రాలు. లెక్క చూస్తే తక్కువే. జయంతి పిక్చర్స్ నాటి మూడింటిని కలిపినా ఏడే.

ఆయనకు వ్యాపారం చేతకాదని కొందరంటారు. మూడు పెద్ద చిత్రాలు నిర్మించిన మనిషికి వ్యాపారం తెలియదనడం సరికాదు. తెలిసీ పక్కకు తప్పుకున్నారు. అయితే ఒక మాట ఒప్పుకోవాలి. తరువాతి చిత్రాలలో 'సంస్కార'లోని బిగువు లేదు. ఆ మొదటి చిత్రానికి అనంతమూర్తి కథ, కర్నాడ్ రచన, స్నేహలత నటన, సింగీతం పనితనం కలిసివచ్చాయి. అటువంటి కూడిక ఒక జీవితంలో రెండుసార్లు కుదరడం అరుదు.

కవిత్వాన్నీ పూర్తిగా విడిచిపెట్టలేదు. 1978లో, స్నేహలత పోయిన మరుసటి సంవత్సరం, 'కయిత నా దయిత' అనే పద్యాల పుస్తకం వచ్చింది. మొదటి పుస్తకం తరువాత దాదాపు నలభై ఏళ్లకు. కయిత అంటే కవిత, దయిత అంటే భార్య. కన్నడంలో సినిమాలు తీస్తూ, బెంగుళూరులో కాపురముంటూ, కవిత్వం మాత్రం తెలుగులోనే రాసుకున్నారు. కుమార్తె నందన పనిపిల్లల హక్కుల కోసం బెంగుళూరు కేంద్రంగా కృషి చేశారు. కుమారుడు కోణార్క్ గిటారు విద్వాంసుడయ్యాడు.

పట్టాభిరామిరెడ్డి 2006 మే 6న బెంగుళూరులో కన్నుమూశారు. అప్పటికి ఆయనకు ఎనభై ఏడేళ్లు.